ఇంకా ఏడాది కాలేదు

మా మండలంలో అరవై దాటినవాళ్ళలో చాలామందికి వయసు తేల్చింది నేనే. తొంభైల చివర్లో ముసలివాళ్ళ పింఛన్లకు అర్జీలు పెట్టుకునేటప్పుడు, వయసు గడి దగ్గరికి వచ్చేసరికి అందరూ ఆగిపోయేవాళ్ళు. ఆగి, శనక్కాయల మిల్లులో కాటా దగ్గర కూర్చునే నన్ను వెతుక్కుంటూ వచ్చేవాళ్ళు. నేను చదివింది ఏడో తరగతి. ఒక పాత పంచాంగం, ఒక రెడీ రెకనర్ పుస్తకం, ఇరవై ఏళ్ళుగా తూచిన బస్తాలు, ఇవే నాకు లెక్కలు నేర్పిన బడి.

"నాకెన్నేండ్లుంటాయప్పా?" అని అడిగింది ఒకసారి ఒక ముసలామె.

"యుద్ధం నాటి కరువులో, గంజి కేంద్రాలు పెట్టినప్పుడు, నువ్వు నడుస్తాంటివా, సంకలో ఉంటివా?"

"నడిసి పోయి పోయించుకోని వస్తాంటి. సెంబు మొయ్యలేక ఒలకబోసి మా యమ్మతో తన్నులు తిన్యా. అది బాగ గ్యాపకం."

చెంబు ఎత్తిందంటే ఐదు నిండాయి. ఒలకబోసిందంటే ఏడు రాలేదు. మధ్యలో ఆరు వేసుకుని కూడితే వయసు వచ్చేది. ఎవరైనా ఫలానా పండగ ముందర అనో, ఫలానా కార్తెలో అనో చెబితే దాన్ని ఇంగ్లీషు తేదీలోకి మార్చడం నాకు బస్తా తూచినంత సులువు. ఆ పనిలో ఆఫీసువాళ్ళు కూడా నా మాట నమ్మేవాళ్ళు. నా జీవితంలో చేసిన పెద్ద తప్పు సరిగ్గా ఆ పనిలోనే చేశాను.

2004 ఎన్నికలు అయిపోయిన తర్వాత, ఎండలు ఇంకా తగ్గని రోజుల్లో, మా మిల్లులో కాయలు చెరిగే ఆడవాళ్ళలో ఒకామె మధ్యాహ్నం అన్నాల వేళ నా దగ్గరికి వచ్చింది. నాకంటే ఐదారేళ్ళు పెద్దది. పదేళ్ళుగా ఆమె చెరిగిన కాయలే నేను తూస్తున్నాను. అయినా ఆమె నాతో మాట్లాడిన మాటలన్నీ కలిపితే ఒక పేజీ నిండదు.

"ఒక అర్జీ రాయాలప్పా."

"పింఛనుకా అక్కా?"

"మావాడు శివరాత్రి పొద్దు స్టేషన్లో ఉండె. అది రాయాల."

నేను కలం మూసి పెట్టాను. ఆమె కొడుకు సంగతి ఊరందరికీ తెలుసు, ఎవరూ మాట్లాడరు. మోటార్లకు రాగి తీగె చుట్టే అంగట్లో పనిచేసేవాడు. బోర్లు ఒకటొకటే ఎండిపోతున్న రోజులు, మోటార్లు కాలిపోతుండేవి, వాడికి చేతినిండా పని. మండలంలో మాట చెల్లే ఒక పెద్ద రైతు తోటలో మోటారును దొంగలు ఎత్తుకుపోయారు. రాగి తీగె ఎక్కడ ఉంటుందో అక్కడికే పోలీసు జీపు వచ్చింది. శివరాత్రి ముందు రోజు తీసుకుపోయారు. పండగ రోజంతా అక్కడే ఉంచారు. మరునాడు నడిపించి పంపారు. ఇంటికి వచ్చిన రెండు రోజులకు చనిపోయాడు. ఇరవై ఆరేళ్ళు. పెద్దమనుషులు వచ్చి, కామెర్లు అయ్యుంటాయని చెప్పి, సాయంత్రం లోపల పూడ్పించారు.

"వాడు పోయి మూడు నెల్లాయ కదక్కా. ఇప్పుడు రాస్తే మళ్ళీ మీ మీదికే..."

"సచ్చిపోయినోని మీద కొత్తగా ఏం కేసు పెడతారు?"

ఆమెకు కావలసింది ఏమిటని అడిగాను. కొడుకును ఇంటికి పంపిన తర్వాత ఆమె స్టేషన్‌కు పోయి అడిగితే, అక్కడ రికార్డు రాసే రైటరు పుస్తకం తిప్పి, ఆ పేరుతో ఇక్కడికి ఎవరూ రాలేదన్నాడట. కొట్టారా లేదా అన్నది తర్వాత. రానేలేదు అన్నాడు.

"ఆ దినం మావాడు ఆడ ఉన్యాడని వాల్ల నోటితో చెప్పాల, వాల్ల చేత్తో రాయాల. అంతే నాకు కావాల్సింది."

రాశాను. సోమవారం ఇద్దరం బత్తలపల్లె మీద పోయే బస్సెక్కి అనంతపురం పోయి, కలెక్టరాఫీసులో వరుసలో నిలబడి ఇచ్చాం. ఎస్పీ ఆఫీసులో ఒక కాపీ ఇచ్చాం. రెండు చోట్లా చీటీలు తీసుకున్నాను. రెండు నెలల తర్వాత మూడు వాక్యాల జవాబు వచ్చింది. సదరు వ్యక్తిని స్టేషన్‌కు పిలిపించినట్లు రికార్డులో లేదు. అనారోగ్యంతో ఇంటివద్ద మరణించినట్లు తెలిసింది. ఇందుమూలంగా అర్జీ ముగించడమైనది.

చదివి వినిపిస్తే ఆమె చాట కింద పెట్టింది. "రికార్డులో లేకుంటే లేనట్టేనా? నేను రేషన్ కార్డులో లేను. మరి ఈడ కూసోనుండేది ఎవరు?"

ఆ జవాబు పట్టుకుని అనంతపురంలో నాకు తెలిసిన ఒక లాయరు దగ్గరికి పోయాను. ఆయనకు గతంలో భూమి తగాదాల్లో తారీకులు లెక్కకట్టి పెట్టేవాణ్ణి. కాగితం చూసి, కోర్టంటే సాక్షి కావాలి, డాక్టరు కాగితం కావాలి, రెండూ లేవు అన్నాడు. తర్వాత కాగితం మడిచి ఇస్తూ, "మానవ హక్కుల కమిషన్‌కు రాయప్పా, ఢిల్లీకి," అన్నాడు.

ఆ పేరు పేపర్లో చదివాను తప్ప అది ఏం చేస్తుందో నాకు తెలియదు. ఆయన వేళ్ళు మడిచి చెప్పాడు. "అది కోర్టు కాదు. ఎవర్నీ జైలుకు పంపదు. గవర్నమెంటును అడుగుతుంది. ఏం జరిగిందో రిపోర్టు పంపమంటుంది. ఢిల్లీ నుంచి అడిగితే ఈళ్ళు ఏదో ఒకటి రాయాల. రాసింది తప్పయితే మళ్ళీ అడుగుతుంది. కావాలంటే వాళ్ళ మనుషుల్నే పంపి ఇచారిస్తుంది. చివరికి ఇట్ల చెయ్యండని సిఫారసు చేస్తుంది. అంతే దాని పని."

"అడగడమే పనా?"

"ఇంకెవరు అడుగుతాండారప్పా నిన్నూ నన్నూ?"

పోలీసు కస్టడీలో మనిషి చనిపోతే ఇరవై నాలుగు గంటల్లో జిల్లా అధికారులే కమిషన్‌కు తెలపాలట. ఈ అబ్బాయి ఇంట్లో చనిపోయాడు గనుక ఆ లెక్కలోకి రాడు. మనమే చెప్పుకోవాలి. తెల్ల కాగితం మీద, తెలుగులో రాసినా తీసుకుంటారు. ఫీజు లేదు, స్టాంపు అక్కర్లేదు.

లేస్తుంటే ఆయన ఇంకో మాట అన్నాడు. "ఏడాది లోపల పంపాల. ఏడాది దాటితే సూడరు."

నేను తలూపాను. ఏడాది అంటే ఎంతో నాకు ఎవరైనా చెప్పాలా?

మిల్లుకు వచ్చి ఆమెతో అంతా చెప్పాను. స్టాంపు లేదనేసరికి ఆమె ముఖం మారింది. "స్టాంపు లేని అర్జీ ఎవరు సూస్తారప్పా? ఊరికే సదివి పారేస్తారు." నమ్మించడానికి ఒక పూట పట్టింది. గడువు సంగతి అడిగితే, "దానికేం, మావానికి ఇంకా ఏడాది కాలేదు కదా. శివరాత్రి దాకా టైముండాది," అంది.

మా వైపు ఏడాది చెయ్యడం అంటే చనిపోయిన మనిషికి మొదటి సంవత్సరం తిథి పెట్టడం. ఆమె అన్న ఏడాది అది. లాయరు చెప్పిన ఏడాది వేరు. మాట ఒకటే కావడంతో నా చెవిలో రెండూ ఒకటైపోయాయి. కాటా దగ్గరి గోడకు కొత్త క్యాలెండరు వచ్చాక, శివరాత్రి చుట్టూ ఎర్ర సున్నా చుట్టాను. ఆ గుర్తు చూసుకుంటూ రోజులు వెనక్కి లెక్కపెట్టుకున్నాను.

వెంటనే ఎందుకు పంపలేదంటే, నాకు సాక్షి కావాలనిపించింది. ఉత్త మాట ఢిల్లీకి ఎలా పంపడం? స్టేషన్ ఎదురుగా ఒక టీ బంకు ఉండేది. దినామూ స్టేషన్‌కు టీలు పంపేవాడు ఆ బంకు ఆయన. ఆయన్ను అడిగాను.

"నేనేం సూడ్లేదన్నా," అన్నాడు, గ్లాసులు కడుగుతూ. నేను లేవలేదు. కడిగిన గ్లాసులు బోర్లిస్తూ మళ్ళీ ఆయనే, "గ్లాసులు మాత్రం ఎనిమిది పోయినాయి ఆ పొద్దు. దినామూ ఏడే," అన్నాడు.

"ఎనిమిదోది ఎవరికి?"

"అది నన్నెందుకు అడుగుతావు? ఏడు గ్లాసులు ఖాళీగా వచ్చినాయి. ఒకటి నిండుగా తిరిగొచ్చింది, అట్లే మీగడ కట్టి. తాగే సేతులు యాడివి వానికి?"

అంత గట్టి లెక్క నేను ఎక్కడా వినలేదు. దాన్ని రాసి వేలిముద్ర వెయ్యమన్నాను. పెండ్లాన్ని అడగాలన్నాడు. తర్వాత బామ్మర్దిని అడగాలన్నాడు. దసరా పోయింది, దీపావళి పోయింది. నేను ప్రతి ఆదివారం పోయి ఒక టీ తాగి వచ్చేవాణ్ణి. "ఇంకా టైముండాది కదన్నా," అనేవాడు. "ఉండాది," అనేవాణ్ణి నేను. సంక్రాంతి పోయాక ఒకరోజు, "సరే రాయి. ఏం సూడ్లేదని అబద్ధం చెప్పి నేను ఏం బాగుపడినాను," అన్నాడు. వచ్చే సోమవారం అంటూ ఇంకో నెల గడిపి చివరికి వేలిముద్ర వేశాడు.

అర్జీ నాలుగు పేజీలు వచ్చింది. తీసుకుపోయిన తేదీ, పంపిన తేదీ, చనిపోయిన తేదీ, మూడూ ఇంగ్లీషు తేదీల్లో నా చేత్తోనే రాశాను. పైన ఆ రోజు తేదీ కూడా రాశాను. చనిపోయిన తేదీ, రాసిన తేదీ, రెండూ ఒకే కాగితం మీద, ఒకే చేతిరాతతో ఉన్నాయి. నా కళ్ళు రెంటినీ చూశాయి. మనసు మాత్రం గోడ మీది ఎర్ర సున్నా దగ్గరే ఉంది. శివరాత్రి ఇంకా ఎనిమిది రోజులుంది. రిజిస్టర్ పోస్టులో వేసి, రసీదు ఆమె చేతికిచ్చి, "గడువు లోపలే పంపినాము అక్కా," అన్నాను. ఆ మాట నేనే అన్నాను.

ఎనిమిది రోజులకు శివరాత్రి వచ్చింది. తర్వాత మూడోనాడు ఆమె కొడుకుకు ఏడాది చేసింది. నన్నూ పిలిచింది, పోయి తిని వచ్చాను.

జవాబు తొలకరికి వచ్చింది. మిల్లు అరుగు మీద ఆడవాళ్ళు విత్తనానికి కాయలు ఒలుస్తున్న రోజులు. ఇంగ్లీషులో ఒక పేజీ. పైన కేసు నంబరు, గీతలు, సంవత్సరం. నంబరు చూసి ముందు సంతోషపడ్డాను. ఏ కాగితానికైనా నంబరు పడితే అది ఉన్నట్టే అని నా నమ్మకం. కింద అర్థమైనంత చదివి, అర్థం కానిది అర్థమైనట్టే అనిపించి, మరునాడు లాయరు దగ్గరికి పోయాను.

ఆయన చదివి, నా అర్జీ కాపీ తీయమని తేదీ చూశాడు. "సంఘటన జరిగి ఏడాది దాటినాక వచ్చింది కాబట్టి ఇచారణకు తీసుకోలేమంటాండారు. ఏమప్పా, ఊరందరి వయసులు కట్టేవాడివి, నీకు ఏడాదంటే ఎన్ని దినాలో తెల్దా?"

"శివరాత్రి లోపలే పంపినాను సార్."

"శివరాత్రి ఎందుకొచ్చింది ఇందులోకి?"

అప్పుడు కూర్చుని లెక్కవేశాను. ఆయన బల్ల మీదే, ఆయన కాగితం మీదే. ఆ ఏడు శ్రావణం రెండుసార్లు వచ్చింది, అధిక శ్రావణం ఒకటి, నిజ శ్రావణం ఒకటి. ఆ శివరాత్రి నుంచి ఈ శివరాత్రికి మూడు వందల ఎనభై నాలుగు రోజులు. ఇంగ్లీషు ఏడాది, ఫిబ్రవరి ఇరవై తొమ్మిదితో కలిపి, మూడు వందల అరవై ఆరు. మధ్యలో పద్దెనిమిది రోజులు. అబ్బాయి పోయింది శివరాత్రి తర్వాత మూడోరోజు, నేను పంపింది శివరాత్రికి ఎనిమిది రోజుల ముందు. పద్దెనిమిదిలో మూడూ ఎనిమిదీ తీసేస్తే ఏడు. చనిపోయిన రోజు నుంచి లెక్కవేసినా ఏడాది మీద వారం దాటి పంపాను.

అధిక మాసం నాకు తెలియని సంగతి కూడా కాదు. ఆ ఏడు వరలక్ష్మీ వ్రతం ఏ శ్రావణంలో చేసుకోవాలని మిల్లులో ఆడవాళ్ళు అడిగితే, చంద్రుడి ఏడు ఎందుకు చిన్నదో, మూడేళ్ళకొక నెల ఎందుకు కలుపుతారో శనక్కాయలు పేర్చి మరీ చూపించాను. ఆ గుంపులో ఆమె కూడా ఉంది.

ఇంకొకటి కూడా తేలింది. అధిక మాసం రాని ఏడు శివరాత్రికీ శివరాత్రికీ మధ్య మూడు వందల యాభై నాలుగో, యాభై ఐదో రోజులే ఉంటాయి. అలాంటి ఏడయితే ఎర్ర సున్నా గడువుకు ముందే వచ్చేది, నా తప్పు ఎవరికీ తెలిసేది కాదు, నాక్కూడా. మూడేళ్ళలో రెండేళ్ళు సరిపోయే తప్పు అది. ఆమెకు మూడో ఏడు పడింది.

మళ్ళీ రాద్దామా అని లాయరును అడిగాను. రాయమన్నాడు. ఆలస్యం నాదేనని, ఆమెది కాదని రాశాను. ముగిసిన కేసును తిరిగి తెరిచే కారణం లేదని ఒక వాక్యం వచ్చింది. కమిషన్ మీద నాకు కోపం రాలేదు. కోపం వస్తే కొంచెం తేలిగ్గా ఉండేది. వాళ్ళు లెక్క సరిగ్గా చేశారు.

మొదటి కాగితం వచ్చిన వారంలోనే ఆమెకు చెప్పాను. అరుగు మీద తోటివాళ్ళతో కూర్చుని కాయలు ఒలుస్తోంది. పక్కకు రమ్మంటే రాలేదు. "ఈడే చెప్పప్పా. వీల్లకు తెలీనిదేముంది." అందరి ముందే చెప్పాను. ఏడాది దాటిందన్నారని, తప్పు నాదేనని.

ఆమె కాయ చిదుపుతూనే అడిగింది. "ఏడాది యాడ దాటింది? నువ్వు పంపినాకనే కదా ఏడాది చేస్తిమి. అన్నం తింటివి కదా నువ్వు."

"వాళ్ళది ఇంగ్లీషు ఏడాదక్కా. మనకు శ్రావణం రెండుసార్లు వచ్చింది కదా, దాంతో మనది పెద్దదయిపోయింది."

"ఢిల్లీలో శ్రావణం ఒక్క తూరే వచ్చిందా?"

"అక్కడా రెండుసార్లే. ఆఫీసుకు రాలేదు."

పక్కనున్న ముసలామె నవ్వింది. "ఈయప్ప కట్టిన లెక్కకే నాకు పింఛను వచ్చింది. ఈమె కాడికి వచ్చేసరికి లెక్క మర్సిపోయినాడు." ఎవరూ ఆమెను ఆపలేదు. నేనూ ఆపలేదు.

అబ్బాయి తల్లి చేతులు తుడుచుకుని కాగితం చూపించమంది. అక్షరాలు రావు. వేలు పెట్టి, "ఇందులో మావాని పేరుండాదా?" అని అడిగింది.

చూపించాను.

"స్టేషన్ పేరు?"

అదీ చూపించాను. ఒకే వరుసలో ఉన్నాయి.

"అయితే ఆడ ఉన్యాడని రాసినారా?"

ఊఁ అనవచ్చు. అరుగు మీద ఇంగ్లీషు వచ్చినవాళ్ళు ఎవరూ లేరు. కానీ ఒక లెక్క తప్పిన తర్వాత ఇంకొకటి తప్పు చెప్పడానికి నాకు ఓపిక లేదు. "ఉన్నాడని నువ్వు అన్నావని రాసినారక్కా."

"నేనన్నది నాకు తెలుసు కదప్పా," అని కాగితం నాకే తిరిగిచ్చింది. అది ఇప్పటికీ నా దగ్గరే, పంచాంగాల మధ్య ఉంది.

టీ బంకు ఆయనకూ చెప్పాలి గనుక చెప్పాను. ఆయన వేలిముద్ర వేసిన సంగతి ఎలా తెలిసిందో స్టేషన్‌కు తెలిసింది. టీలు వేరే బంకు నుంచి తెప్పించుకుంటున్నారు.

"నా గ్లాసుల సంగతి ఎవరన్నా సదివినారా అన్నా?"

"అంతవరకూ పోలేదు."

"మంచి పనాయ. ఇప్పుడు ఏడూ లేవు, ఎనిమిదీ లేవు," అని నాకు టీ పోశాడు. ఆదివారాలు పోవడం నేను మానలేదు. ఇంకేం చెయ్యగలను?

మరుసటి ఏడు వేరే మండలం నుంచి ఒక మనిషి వచ్చాడు. ఆయన్నూ స్టేషన్లో, ఎక్కడా రాయకుండా రెండు రోజులు కూర్చోబెట్టి పంపారు. సాక్షి కోసం చూడలేదు. వచ్చిన రోజే అర్జీ రాశాను, అది జరిగి నలభయ్యో రోజు. పైన మూలన ఆఖరి రోజు ఏదో ఇంగ్లీషు తేదీలో రాసి, కింద గీత గీశాను. కమిషన్ కేసు తీసుకుంది. జిల్లాను రిపోర్టు అడిగింది. రిపోర్టు రాకపోతే మళ్ళీ అడిగింది. చివరికి వచ్చిన రిపోర్టు కాపీ ఆయనకు పంపి, నీ మాట ఏమిటని ఆయన్నే అడిగింది. అందులో ఒక వాక్యం ఉంది: సదరు వ్యక్తిని విచారణ నిమిత్తం పిలిపించి అదే రోజు పంపివేయడమైనది. అదే రోజు అన్నది అబద్ధం. కానీ పిలిపించి అని ఉంది. వాళ్ళ చేత్తో రాసి, సంతకం పెట్టి, ముద్ర వేశారు.

ఆ కేసు ఆ తర్వాత పెద్దగా ఎక్కడికీ పోలేదు. ఆ మనిషి కూడా విసిగి రావడం మానేశాడు. నేను మాత్రం ఆ ఒక్క మాట చాలాసార్లు చదివాను. ఆమె అడిగింది అంతే.

ఆమెకు చెప్పకూడదనుకున్నాను. మిల్లులో ఏదీ దాగదు. శివరాత్రి దగ్గర పడుతుండగా, కాయలు చెరుగుతూ తనే అడిగింది.

"ఆయప్పకు రాసిచ్చినారంట కదా, పిలిపించినామని."

"ఊఁ."

"ఆయప్పది ఎన్నో దినం పంపిస్తివి?"

"నలభయ్యో దినం."

చాటలో మట్టి పెళ్ళలు ఏరి పడేసింది. "మంచిది," అంది. ఎగతాళిగా అనలేదు. చాట కింద పెట్టి, "మావాని తిథి యా పొద్దు వస్తుందో సూసి చెప్పు," అంది.

పంచాంగం తీసి చెప్పాను. ఇంగ్లీషు తేదీ కూడా చెప్పాను.

"పోయిన శివరాత్రి నుంచి ఈ శివరాత్రికి ఎన్ని దినాలు?"

"మూడు వందల యాభై ఐదు."

"అంతకు ముందు?"

"అప్పుడూ మూడు వందల యాభై ఐదే."

"ఆ ఏడొక్కటే పొడుగాయ," అని, చాట ఎత్తి మళ్ళీ చెరగడం మొదలుపెట్టింది.